బ్లైటీ, కుషీ, డూలాలీ, పాష్, డెక్కో: ఈ ఇంగ్లీషు స్లాంగు మాటలు ఎక్కడివి?

అనువాదకురాలు:
మొదటి ప్రపంచ యుద్ధంలో పోరాడిన బ్రిటిష్ సిపాయిలు ఇంటికి రాసుకున్న ఉత్తరాలను తెలుగు చేస్తున్నాను. పై అయిదు మాటలూ వాటిలో పదేపదే తగులుతున్నాయి. బ్లైటీ అంటే స్వదేశమైన బ్రిటన్, కుషీ అంటే సుఖమైనది, డూలాలీ అంటే మతి చలించినవాడు, పాష్ అంటే దర్జా అయినది, డెక్కో అంటే చూపు అని నిఘంటువులో అర్థం దొరుకుతోంది గాని, సిపాయి నోట ఆ మాటకున్న రుచి దొరకడం లేదు. ఇవి ఎలా పుట్టాయో, తెలుగులో ఏమని రాస్తే బాగుంటుందో పెద్దలు చెప్పగలరు.

మాజీ సైనికుడు:
డూలాలీ అన్నది ఒక ఊరి పేరు. నాసిక్ పక్కనున్న ఆ దేవళాలీలో నేను మూడేళ్లు కొలువు చేశాను. అంత చక్కని ఊరి పేరును పిచ్చికి మారుపేరు చేశారన్న బాధ నాకు ఇప్పటికీ ఉంది. గడువు తీరిన తెల్ల సిపాయిలను అక్కడి శిబిరంలో ఉంచేవారు. వాళ్లను తీసుకుపోయే ఓడలు చలికాలంలోనే నడిచేవి గనుక, అదను తప్పినవాడు నెలల తరబడి పనీపాటా లేక ఎండలో మగ్గవలసి వచ్చేది. అలా మతి చలించినవాడికి ‘డూలాలీ టాప్’ తగిలిందనేవారు. ఆ టాప్ అంటే జ్వరం, మన ‘తాపం’ వంటి మాటే.

సిడ్నీవాసి:
అందరూ ఉర్దూ మాటలే తలుస్తున్నారు, మన తెలుగు మాటను ఎవరూ తలవరేమి? ‘బాండికూట్’ మన పందికొక్కే. మొదట ఇండియాలోని పెద్ద ఎలుకకు పెట్టిన పేరును తరువాత ఆస్ట్రేలియాలోని వేరొక జంతువుకు తగిలించారు. పైకి మొక్క కదలకుండా మట్టిలోని బంగాళాదుంపలను దొంగిలించడాన్ని ఇక్కడి స్లాంగులో ‘బాండికూట్ చేయడం’ అంటారు. పందికొక్కు చేసే పని చూసిన తెలుగు రైతుకు ఈ మాటను విప్పి చెప్పవలసిన అవసరమే లేదు.

కృష్ణాతీరం:
పందికొక్కు ఒక్కటే కాదు. లెక్కచేయననడానికి ఇంగ్లీషువాడు ‘డ్యామ్ ఇవ్వను’ అంటాడు. అది తిట్టు కాదు, నాణెం. అక్బరు కాలంలో రూపాయికి నలభై దాములు. ఆ దాముకు సంబంధించినదే మన దమ్మిడీ. దమ్మిడీకి కొరగాడని మనం అన్నట్టే వాళ్లూ అన్నారు. 1886 నాటి హాబ్సన్-జాబ్సన్ నిఘంటువులోనే ఈ మాట ఉంది.

నిఘంటుప్రియ:
ముప్పై ఏళ్లుగా ఇంగ్లీషు నిఘంటువులతో కాపురం చేస్తున్నదానిగా చెబుతున్నాను, ఇది పొరపాటు. హాబ్సన్-జాబ్సన్ చేసింది ఊహ మాత్రమే. దానిలో చమత్కారం ఉన్నా ఆధారం లేదని ఆక్స్‌ఫర్డ్ నిఘంటువు కొట్టివేసింది. ‘శాపమంత విలువ చేయదు’ అనే నుడి కూడా ఇంగ్లీషులో ఉంది; దాని పక్కన పెట్టి చూస్తే డ్యామ్ తిట్టేనని తెలుస్తుంది.

కృష్ణాతీరం:
ఇంగ్లీషువాడు కొట్టివేస్తే మనం తల వంచాలా? మన దగ్గర తీసుకున్నదాన్ని ఒప్పుకోవడానికి వాళ్లకు మనసు రాదు.

నిఘంటుప్రియ:
ఆ మాట అన్యాయమండీ. బ్లైటీ మన ‘విలాయతి’ నుంచి, కుషీ మన ‘ఖుషీ’ నుంచి వచ్చాయని ఒప్పుకున్నది ఆ నిఘంటువే. పోలిక వేరు, పుట్టుక వేరు. ఓకే అన్న మాటకు ఎన్ని కథలు అల్లలేదు? గ్రీకు అన్నారు, అమెరికా ఆదివాసులైన చోక్తావుల మాట అన్నారు. చివరకు ఆలెన్ వాకర్ రీడ్ అనే పండితుడు పాత పత్రికలన్నీ తిరగేసి, 1839 మార్చి 23 నాటి బోస్టన్ పత్రికలో, ‘అంతా సరే’ (ఆల్ కరెక్ట్) అనడానికి కావాలని తప్పు వర్ణక్రమంతో రాసిన మాటలకు పొడి అక్షరాలుగా దాన్ని పట్టుకున్నారు. నాణెమే కావాలంటే ‘ర్యాప్’ ఉంది. అది ఐర్లండులో చెలామణీ అయిన దొంగ అరపెన్నీ. ‘ర్యాప్ అంత కూడా లెక్కచేయను’ అన్నది దాని నుంచి వచ్చినదే.

ఓడరేవు:
పాష్ సంగతి నేను చెబుతాను. ఇండియాకు వచ్చేటప్పుడు ఎడమవైపు, తిరిగి వెళ్లేటప్పుడు కుడివైపు ఎండ తగలని గదులు తీసుకున్న దొరల టిక్కెట్లపై, ‘పోర్ట్ అవుట్, స్టార్‌బోర్డ్ హోమ్’ అన్నదానికి పొడిగా వేసిన నాలుగు అక్షరాలే అది. మా తాతగారు విశాఖ రేవులో పనిచేసేవారు, ఆయన చెప్పారు.

నిఘంటుప్రియ:
అలాంటి ముద్ర ఉన్న టిక్కెట్టు ఇంతవరకు ఒక్కటీ బయటపడలేదు. డబ్బుకూ, సోకు చేసుకునే మనిషికీ పాష్ అనే పాత స్లాంగు మాట ముందే ఉంది. తాతగారిపై గౌరవం ఉంచే ఈ మాట అంటున్నాను.

మాజీ సైనికుడు:
బ్లైటీకి మరో అర్థం ఉంది, అమ్మా. ప్రాణం పోకుండా, ఇంటికి పంపక తప్పనంత గాయాన్ని కూడా సిపాయిలు బ్లైటీ అనేవారు. ఉత్తరాల్లో అది ఎక్కువగా కనిపిస్తుంది.

అనువాదకురాలు:
చాలా మేలు చేశారండీ. పాత తెలుగులో విలాయతిని ‘సీమ’ అనేవాళ్లం కదా, సీమదొర, సీమచింత అన్నట్టు. అందుచేత ‘సీమ గాయం’ అని రాస్తాను.

అనంతపురం:
అలా రాయకండి. ఈనాడు సీమ అంటే మా రాయలసీమే గుర్తొస్తుంది. సీమ గాయం అంటే ఫ్యాక్షన్ దెబ్బ అనుకుంటారు. ఆ ముద్రతో మేము ఇప్పటికే విసిగిపోయి ఉన్నాము.

అనువాదకురాలు:
మీ బాధ అర్థమైంది, ఆ మాట మానుకుంటాను. ‘ఇంటిదారి గాయం’ అంటే సరిపోతుందేమో చూస్తాను. డెక్కో సంగతి ఎవరూ ఎత్తలేదు. అది హిందీ ‘దేఖో’యే అయితే, ‘ఒక డెక్కో వేశాను’ అన్నచోట ‘ఓ చూపు చూశాను’ అని రాయవచ్చా?