మహిళా దినోత్సవం సినిమా: మాయ్ సెట్టర్లింగ్ – ఎవరెవరు ఏ పని?
(స్టాక్‌హోమ్ తెలుగువాళ్ల గ్రూపులో మాటలు; పేర్లకి బదులు ఎవరు ఏ పని చూస్తున్నారో అది రాశాం.)

కార్యక్రమాలు: అందరికీ నమస్కారం. మార్చి 8 దగ్గరి శనివారం స్టాక్‌హోమ్‌లో హాలు దొరికింది, మధ్యాహ్నం 2 నుంచి 6 వరకు. ఈ స్వీడన్‌లో పుట్టిన ఆడమనిషి తీసిన సినిమా చూద్దామనుకున్నాం కదా, నా ఓటు నటి, దర్శకురాలు మాయ్ సెట్టర్లింగ్‌కి.

భోజనాలు: అక్కా, ‘ద విచెస్’ అనే ఇంగ్లిష్ సినిమాలో అమ్మమ్మగా వేసిందీవిడేనా? డైరెక్షన్ కూడా చేసిందా?

కార్యక్రమాలు: ఆవిడే తమ్ముడూ. ఇక్కడ ఇన్నేళ్లుండి ఆవిడ సంగతి మనకి తెలియకపోవడం నాకు బాధగా ఉంది. 1925లో వెస్తెరోస్‌లో పుట్టింది. 1944లో, తర్వాత పెద్ద దర్శకుడైన ఇంగ్మర్ బెర్గ్‌మన్ రాసిన ‘హెట్స్’ సినిమాతో పేరొచ్చింది, తర్వాత ఇంగ్లండ్ వెళ్లి అక్కడా హీరోయిన్ అయింది. 1960ల మొదట్లో బీబీసీకి డాక్యుమెంటరీలు తీస్తూ పని నేర్చుకుంది. 1964లో మొదటి పెద్ద సినిమా. 1966లో తీసిన ‘నాట్‌లెక్’ని వెనిస్ సినిమా ఉత్సవంలో జ్యూరీకీ పత్రికలవాళ్లకీ తప్ప జనానికి చూపించలేదు. శాన్‌ఫ్రాన్సిస్కో ఉత్సవంలో దాన్ని వేస్తున్నారని ఒకప్పటి హాలీవుడ్ బాలనటి షెర్లీ టెంపుల్ అక్కడి కమిటీకి రాజీనామా చేసింది. అది పెద్దల సినిమా, మనం వేయం, పిల్లలుంటారు.

మనకి కావలసింది 1968 నాటి ‘ఫ్లిక్కోర్నా’, అంటే అమ్మాయిలు. ముగ్గురు నటీమణులు ‘లైసిస్ట్రాటా’ నాటకం ఆడుతూ స్వీడన్ అంతా తిరుగుతారు. యుద్ధం ఆపేదాకా మొగుళ్లని దగ్గరికి రానివ్వని ఆడవాళ్ల కథ ఆ నాటకం, ప్రాచీన గ్రీకు నాటకకర్త అరిస్టోఫనీస్ రాసింది. వేదిక మీద చెప్పే మాటలు ఇంటికొచ్చాక తమ బతుకులకే తగులుతుంటాయి. అప్పట్లో ఆడలేదు. ఆ తర్వాత ఇక్కడ సొంత సినిమాకి డబ్బు పుట్టడానికి ఆవిడకి ఏళ్లు పట్టింది. ఆ మధ్యలో మ్యూనిక్ ఒలింపిక్స్ సినిమాలో బరువులెత్తేవాళ్ల భాగం, 1982లో ఇంగ్లండ్‌లో ఆడపిల్లల జైలు మీద ఒకటి తీసి, 1986లో ‘అమొరోసా’తో స్వీడన్‌కి తిరిగొచ్చింది.

మన సావిత్రి ‘చిన్నారి పాపలు’కి డైరెక్షన్ చేసిందీ ఆ 1968లోనే. ఇక్కడ పెరుగుతున్న మన ఆడపిల్లలకి ఈ రెండు పేర్లూ కలిపి చెప్పాలని ఉంది.

హాలు, టెక్నికల్: ప్రదర్శన హక్కులు రాతపూర్వకంగా వచ్చేదాకా పోస్టరు వేయొద్దు. ఉత్తరం నేను రాస్తాను. ఇంగ్లిష్ సబ్‌టైటిల్స్ ఉన్న కాపీ అడుగుతున్నా.

పెద్దల బృందం: అమ్మాయీ, వంద నిమిషాలు, నలుపు తెలుపు, భాష స్వీడిష్. మాబోటి వాళ్లకి సబ్‌టైటిల్స్ చదవడం కష్టం. ముందుగా కథ తెలుగులో చెప్పండి.

కార్యక్రమాలు: మీ మాట నిజం పిన్నిగారూ. పెద్దక్షరాలతో ఒక పేజీ తెలుగులో రాసి కుర్చీల మీద పెడదాం. ఎవరైనా రాస్తారా? నేను దిద్దుతాను.

పిల్లల గది: పక్క గదిలో ఆవిడదే ‘ద వార్ గేమ్’ వేయొచ్చా? పావుగంటే. బొమ్మ తుపాకీ కోసం ఇద్దరు మగపిల్లలు పోట్లాడుకుంటారు, మాటలు దాదాపు లేవు. మావాళ్లకి బొమ్మలు గీసే పని కూడా పెడతాను.

హాలు, టెక్నికల్: మంచిది, అదే ఉత్తరంలో దాన్నీ అడుగుతా.

భోజనాలు: రెండున్నరకి సినిమా, నాలుగుంబావుకి ఫికా, అదే ఇక్కడి కాఫీ విరామం. దాల్చినచెక్క బన్నులు, పులిహోర. అయిదింటికి ముగించేద్దామా? గిన్నెలు కడగాలి.

కార్యక్రమాలు: వద్దు తమ్ముడూ, చర్చకి ముప్పావుగంట కావాలి. సినిమాలో లిజ్ అనే నటి నాటకమయ్యాక జనాన్ని మాట్లాడమని అడుగుతుంది, ఎవరూ నోరు విప్పరు. మన హాల్లో అలా కాకూడదు. మొదట ఆడపిల్లలకే మైకు ఇద్దాం. గిన్నెలకి నలుగురు మగవాళ్లు పేర్లివ్వండి.

హాలు, టెక్నికల్: గిన్నెలకి ఒక పేరు నాది.