అరువు ఘడియ మంత్రం మన ఆటలో ఉండాలా, తీసేయాలా?

కబ్బన్‌పార్క్ కాకి:
కొత్తగా చేరినవాళ్ల కోసం ముందు విషయం చెబుతాను. మనది ఆదివారాలు బెంగళూరులో కలిసి కాగితాలు, పాచికలతో ఆడే ఆట. వెన్నెలకోట అనే లోకం మనం కల్పించుకున్నదే. అందులో అరువు ఘడియ మంత్రం ఒకసారి చదివితే కాలం ఒక ఘడియ, అంటే 24 నిమిషాలు, వెనక్కి వెళ్తుంది. బదులుగా చదివినవాళ్లకు దగ్గరి మనిషి ఒకరి వయసు ఏడాది పెరుగుతుంది. అది మళ్లీ తగ్గదు.

మొన్న చెరువుకు గండి పడి ఊరు మునగబోతుంటే మంత్రసాని (మారతహళ్లి మామ పాత్ర) దాన్ని 40 సార్లు చదివింది. ఊరు దక్కింది. శిష్యురాలి పాత్ర వేసిన వేపపువ్వు తన షీటు మీద పెన్సిలుతో రాసుకున్న 16ను రుద్దేసి 56 అని రాసి, ఆట మధ్యలోనే వెళ్లిపోయింది. ఈ మంత్రం ఉంచాలా, వద్దా? మీ మాట చెప్పండి.

మారతహళ్లి మామ:
ఉండాలి. ఊళ్లో మూడొందల ప్రాణాలు. నియమం ప్రకారమే ఆడాను. పైగా ఆ పిల్లను అడిగాను, సరే అంది. బల్ల చుట్టూ ఉన్న అందరూ విన్నారు. ఇంక చర్చ దేనికి?

లెక్కలమాస్టారు:
రోజుకు 60 ఘడియలు. 40 అంటే సరిగ్గా 16 గంటలు. ఆ రోజు మధ్యాహ్నం కుమ్మరి ఇంట్లో బిడ్డ పుట్టిందని ఆడాం కదా. కాలం వెనక్కి పోతే ఆ బిడ్డ సంగతేమిటి? ఇది తేలకుండా ఏదీ తేలదు.

రాత్రి షిఫ్టు:
తీసేయండి. నేను అమెరికా వేళలకు పనిచేస్తాను. నేను ఇంటికొచ్చేసరికి పాప బడికి వెళ్లిపోతుంది. ఒకరి కాలం ఇంకొకరు వాడుకోవడం ఆటలో కూడా చూడలేను.

పద్యాలపిచ్చి:
ఇది మనకు కొత్త కాదు. ఆదిపర్వంలో యయాతి కథ ఇదే. శుక్రాచార్యుడి శాపంతో ముసలితనం వస్తే, కొడుకు పూరుడు దాన్ని తీసుకుని తన యవ్వనం తండ్రికిచ్చాడు.

మారతహళ్లి మామ:
బాగా గుర్తుచేశారు. ఇష్టపడి ఇచ్చాడు, రాజ్యం కూడా వచ్చింది. త్యాగానికి విలువ ఉండబట్టే ఆ కథ నిలిచింది.

వేపపువ్వు:
కథ మొత్తం చెప్పండి. పూరుడి కంటే ముందు యదువు, తుర్వసుడు, ద్రుహ్యుడు, అనువు కాదన్నారు. నలుగురినీ తండ్రి శపించాడు. ఆ తర్వాత ఐదోవాణ్ణి అడిగాడు. అప్పుడు వచ్చిన ‘సరే’ను ఇష్టం అంటారా? పైగా పూరుడికి వెయ్యేళ్లకైనా యవ్వనం తిరిగొచ్చింది. మా పిల్లకు అదీ లేదు.

లెక్కలమాస్టారు:
బిడ్డ సంగతి ఎవరూ చెప్పలేదు.

మారతహళ్లి మామ:
చెల్లెమ్మా, పోయినవాళ్ల విలువ నీకు ఇంకా తెలియదు. మా నాన్నగారు ఆసుపత్రిలో ఉన్న రోజు సిల్క్‌బోర్డ్ దగ్గర నా కారు కదల్లేదు. నేను వెళ్లేసరికి ముఖం మీదికి దుప్పటి లాగేశారు. ఒక్క ఘడియ వెనక్కి దొరికితే నేను ఏమైనా ఇచ్చేవాణ్ణి.

వేపపువ్వు:
మీ నాన్నగారి విషయం విని నిజంగా బాధగా ఉంది. కానీ మీరు ఇస్తాననేది మీది. ఆటలో ఇచ్చింది మీది కాదు. దయచేసి చెల్లెమ్మా అనకండి.

ఇంటర్ అయ్యాక నాకు ఇంజనీరింగ్ సీటు వచ్చింది. అదే ఏడు అన్నయ్యకు బెంగళూరులో డబ్బు కట్టి సీటు కొన్నారు. ఇద్దరి ఫీజులూ కట్టలేమన్నారు నాన్న. వంటింటి గుమ్మం దగ్గర నిలబడి ‘నీకేమైనా అభ్యంతరమా అమ్మా’ అని అడిగారు. అమ్మ పప్పు ఎనుపుతూ తలెత్తలేదు. అన్నయ్య కాలేజీ పేరున తీసిన డీడీ అప్పటికే టీవీ పక్కన ఉంది. సరే అన్నాను. ఇప్పటికీ ఇంట్లో అందరూ ‘అది ఇష్టపడే మానేసింది’ అంటారు. మీరు అడిగినప్పుడు కూడా పాచికలు అప్పటికే మీ చేతిలో ఉన్నాయి.

మారతహళ్లి మామ:
అయితే ఊరిని ముంచేయమంటావా? సూటిగా చెప్పు.

వేపపువ్వు:
సూటిగానే చెబుతాను. మనుషుల్ని గుట్ట ఎక్కించడానికి అయిదు ఘడియలు చాలు, రెండు గంటలు. మీరు 40 ఎందుకు వెనక్కి వెళ్లారు? తూములెత్తి చెరువు ఖాళీ చేయడానికి. అంటే ప్రాణాల కోసం పోయింది అయిదేళ్లు. మిగతా ముప్ఫై అయిదేళ్లు పొలాలకి, ఇళ్లకి, ధాన్యం గాదెలకి పోయాయి. ఆ పిల్లకు ఈ లెక్క చెప్పే అడిగారా?

లెక్కలమాస్టారు:
లెక్క సరే. గుట్ట ఊరికి అరకోసు దూరమే. ముసలివాళ్లను మోసుకెళ్లినా అయిదు ఘడియల్లో అయిపోతుంది.

మారతహళ్లి మామ:
పొలం కొట్టుకుపోయాక ఏం తిని బతుకుతారు? వరద తర్వాత పల్లెలో ఉన్నవాళ్లను అడగండి. మట్టి మేట వేసిన చేను మళ్లీ దారికి రావడానికి ఎన్నేళ్లు పడుతుందో చెబుతారు.

వేపపువ్వు:
ఆ నష్టం ఊరంతా పంచుకోవాలి. మూడొందల మంది ఉన్నారు. ఒక్కదాని మీద ఎందుకు వేశారు? నియమం మార్చండి: మంత్రం వల్ల ఎవరికి మేలో వాళ్ల వయసే పెరగాలి. అప్పుడు పొలాల కోసం ఎంతమంది ముందుకొస్తారో చూద్దాం.

రాత్రి షిఫ్టు:
దీనికైతే నేనూ ఒప్పుకుంటాను.

మారతహళ్లి మామ:
ప్రమాదం కళ్ల ముందున్నప్పుడు ఇంటింటికీ తిరిగి వయసు అడుక్కుంటూ కూర్చోలేం. అలాంటి మంత్రం ఉన్నా లేనట్టే.

కబ్బన్‌పార్క్ కాకి:
వేపపువ్వు చెప్పిన మార్పును ఓటుకు పెడుతున్నాను. ఇది తేలేవరకు వెన్నెలకోటలో ఆ మంత్రం ఎవరూ వాడకూడదు.

మారతహళ్లి మామ:
పెట్టండి. నా ఓటు వద్దనే. మార్పు నెగ్గితే మంత్రసాని పాత్ర ఇంకెవరికైనా ఇచ్చుకోండి.