అప్‌డేట్: రాజీ పడ్డాం, కేసు కొట్టేశారు

ప్రహరీ గోడ గొడవలో అన్నయ్య మీద పక్కింటాయన పెట్టిన ఐపీసీ 323 (కొట్టి గాయపరచడం), 324 (ప్రమాదకర ఆయుధంతో గాయపరచడం), 506 (బెదిరింపు) కేసును రాజీతో ఎలా ముగించాలని ఇక్కడ అడిగాను కదా, ముగిసింది. జవాబిచ్చిన అందరికీ థాంక్స్.

లోక్ అదాలత్‌కు (రాజీతో కేసులు తేల్చే వేదిక) వెళ్లమని ఇచ్చిన సలహా మాకు పనికిరాలేదు. 323, 506 రాజీ పడదగ్గవే కానీ 324 కాదట, అలాంటివి అక్కడ తీసుకోరు. లాయర్ హైకోర్టులో కొత్త క్రిమినల్ ప్రొసీజర్ చట్టం బీఎన్ఎస్ఎస్ 528 కింద (పాత సీఆర్‌పీసీ 482) క్వాష్ పిటిషన్, అంటే కేసు కొట్టేయమని అర్జీ, వేశారు. జ్ఞాన్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు 2012లో ఇచ్చిన తీర్పే ఆధారం. వ్యక్తిగత గొడవైతే, 324 లాంటి సెక్షన్ ఉన్నా రాజీ చూసి హైకోర్టు కేసు కొట్టేయడానికి వీలుందట, హత్య, అత్యాచారం లాంటివాటికి కాదు.

పక్కింటాయన రాజీ పడ్డామని అఫిడవిట్ ఇచ్చి, ఆధార్‌తో స్వయంగా వచ్చారు. అసలు పని చేసింది అదే. మేం ముందే రాజీ రాసుకున్న వంద రూపాయల స్టాంపు కాగితాన్ని ఎవరూ అడగనే లేదు! ఆర్డర్ సర్టిఫైడ్ కాపీని కింది కోర్టులో ఇచ్చేదాకా అక్కడ వాయిదాలు ఆగలేదు, అది మాత్రం ఆలస్యం చేయకండి.