ఫిజీ హిందీ పేపరు మా గుంటూరు ట్రంకు పెట్టెలోకి ఎలా వచ్చింది?

బ్రాడీపేట కుర్రాడు:
మొన్న పండక్కి అటక దులుపుతుంటే తాతయ్య ట్రంకు పెట్టెలో ఇత్తడి చెంబుకి చుట్టిన హిందీ పేపరు ఒకటి దొరికింది. మడతల దగ్గర ముట్టుకుంటే పొడి రాలుతోంది. పైన పెద్దక్షరాలతో ‘శాంతి దూత్’, కింద సువా, ఫిజీ అని ఉందని మా చెల్లి కూడబలుక్కుని చదివింది. తాతయ్య వాళ్ల బాబాయి ఒకాయన చెరుకు తోటల పనికి ఓడెక్కి వెళ్లిపోయాడని, ఆయన కొడుకు ఎప్పుడో ఒక్కసారి వచ్చి చూసి వెళ్లాడని ఇంట్లో అనుకునేవాళ్లు. మా వాళ్లెవరికీ హిందీ ముక్క రాదు. అక్కడికెళ్లిన తెలుగువాడు హిందీ పేపరు చదవడమేంటి?

రిటైర్డ్ హిందీ మాస్టారు:
బాబూ, వెళ్లేటప్పుడు రాదు, వెళ్లాక వచ్చింది. కూలీల మొదటి ఓడ ‘లియోనిడాస్’ 1879లో కలకత్తా నుంచే వెళ్లింది. మద్రాసు నుంచి ఓడలు మొదలైంది 1903లో. అప్పటికి ఇరవై నాలుగేళ్లుగా ఆ తోటల్లో భోజ్‌పురి, అవధి కలిసిన హిందీ పాతుకుపోయి ఉంది. మనవాళ్లు తెలుగైనా తమిళమైనా మలయాళమైనా అందరూ ‘మద్రాసీ’లే, పక్క గదివాడితో మాట్లాడాలన్నా సర్దార్‌తో, అంటే కూలీల మీది మేస్త్రీతో గొడవపడాలన్నా ఆ భాషే దిక్కు. 1916లో ఈ ఓడలు ఆగేసరికి వెళ్లినవాళ్లు మొత్తం అరవై వేల పైమాటే, అందులో మద్రాసు వాటా సుమారు పావు వంతు.

ఇక శాంతి దూత్ అనేది 1935 మేలో మొదలైన వారపత్రిక, మొదటి సంపాదకుడు గురుదయాళ్ శర్మ. తమాషా ఏమిటంటే దాన్ని పెట్టింది ఫిజీ టైమ్స్ వాళ్లు, అంటే 1869 నుంచీ ఉన్న తెల్లవాళ్ల ఇంగ్లీషు పేపరు. ఇదంతా మనమీద ప్రేమతో అనుకోకు. అప్పటికే ‘ఫిజీ సమాచార్’ లాంటి హిందీ పత్రికలు నడుస్తున్నాయి, చదివే జనం ఉన్నారని వాళ్లకీ కనబడింది.

ఇంకో మెలిక. పత్రికలో రాసేది మన రాష్ట్రభాష పరీక్ష పుస్తకాల్లో ఉండే హిందీ, ఇంట్లో మాట్లాడేది ‘ఫిజీ బాత్’, అంటే ఫిజీ హిందీ. మనకి గ్రాంథికం, వాడుక భాష అని తగువు లేదూ, అలాంటిదే.

గవర్నర్‌పేట ప్రెస్సు:
బెజవాడలో సీసం అక్షరాలతో పదకొండేళ్లు కంపోజింగ్ చేసినవాడిగా ఒకమాట. తెలుగు ఒత్తులే ప్రాణం తీసేవి, హిందీకి పైన గుర్తులు, కింద గుర్తులు, సగం అక్షరాలు, ఒక్కో భాషకీ వేరే కేసులు, అంటే అక్షరాలు పెట్టుకునే గళ్ల పెట్టెలు కావాలి, చేయి తిరిగిన మనిషీ కావాలి. దక్షిణాఫ్రికాలో ‘ఇండియన్ ఒపీనియన్’ 1903లో ఇంగ్లీషు, గుజరాతీ, హిందీ, తమిళం నాలుగింటితో మొదలైంది. హిందీ, తమిళం పేరుకే ఉన్నాయనిపించి గాంధీగారు 1906లో వాటిని ఆపేశారు. అలాంటిది సముద్రం మధ్యలో వారం వారం హిందీ పేపరు తీశారంటే నేనైతే ముందు ఆ కంపోజిటర్లకి దండం పెడతాను.

కృష్ణలంక:
మనవాళ్లు ఊరుకోలేదు లెండి. 1926లో ఫిజీలోని ‘నాది’ అనే ఊళ్లో దక్షిణాది వాళ్ల సంగం పుట్టింది, బళ్లలో మన భాషలు చెప్పాలని పట్టుబట్టింది. 1941లో తెలుగువాళ్లకి విడిగా ఆంధ్ర సంగం వచ్చింది. అయినా ఫిజీ 2013 రాజ్యాంగంలో ప్రైమరీ బళ్లలో తప్పనిసరి అన్నది ఐతౌకేయి (అక్కడి మూలవాసుల భాష), ఫిజీ హిందీ భాషల్నే. తెలుగు ఎక్కడుందో నన్నడక్కండి.

రిటైర్డ్ హిందీ మాస్టారు:
బాబూ, ఆ పేపరు పట్టుకొస్తే చదివి పెడతా. ఇస్త్రీ చేయకు, లామినేషన్ అసలే వద్దు, వేడికి కాగితం ఇంకా పాడవుతుంది.

బ్రాడీపేట కుర్రాడు:
ఆలస్యమైపోయింది మాస్టారూ. మా బావ నిన్ననే అరండల్‌పేటలో ఒక షీటు లామినేషన్ చేయించుకొచ్చాడు, మధ్యలో బుడగలు కూడా వచ్చాయి. మిగిలిన షీటు దాచేశా, ఆదివారం తెస్తాను.