తిప్పతీగ పొడి అమ్మాలంటే ఏ లైసెన్సు, ఏ పరీక్షలు?

ప్రశ్న: మా పొదుపు సంఘంవాళ్లం తిప్పతీగ కాండం కోసి ఎండబెట్టి అమ్ముతున్నాం. హైదరాబాద్‌లో ఒక ఆయుర్వేద మందుల తయారీదారు కొంటానంటూనే ‘ఏపీఐ ప్రకారం ల్యాబ్ రిపోర్టు తెండి’ అంటున్నారు. మేమే పొడి కొట్టి ప్యాకెట్లు అమ్ముకుంటే ఈ తలనొప్పి ఉండదు కదా? ఫుడ్ లైసెన్సు ఎలాగూ ఉంది.

జవాబు: అక్కా, తలనొప్పి పెరుగుతుందే తప్ప తగ్గదు. మందుగా చెప్పి పొడి అమ్మితే అది తయారీ కిందికి వస్తుంది. రాష్ట్ర ఆయుష్ లైసెన్సు అధికారి ఇచ్చే ఫారం 25-డి అనే తయారీ లైసెన్సు ఉండాలి, షెడ్యూల్ టి (మందుల తయారీకి పాటించాల్సిన నియమాలు) ప్రకారం గదులూ రికార్డులూ ఉండాలి. ఫుడ్ లైసెన్సు వీటికి బదులు కాదు. ‘షుగర్ తగ్గిస్తుంది’ అని ప్రకటించారో, కొన్ని రోగాలు నయమవుతాయనే మందుల ప్రకటనలను నిషేధించే 1954 నాటి మ్యాజిక్ రెమెడీస్ చట్టం మెడకు చుట్టుకుంటుంది. ఇప్పటికి ఎండు కాండం అమ్మడమే నయం.

ఏపీఐ అంటే ఆయుర్వేదిక్ ఫార్మకోపియా ఆఫ్ ఇండియా. తిప్పతీగకు అందులో ఉన్న హద్దులివి: చెత్తాచెదారం 2 శాతం, మొత్తం బూడిద (కాల్చాక మిగిలేది) 16 శాతం, ఆమ్లంలో కరగని బూడిద 3 శాతం మించకూడదు, నీటిలో కరిగే సారం 11 శాతానికి తగ్గకూడదు. ఎండబెట్టిన సరుకు తిరిగొచ్చేది చాలావరకు ఆ ఆమ్లంలో కరగని బూడిద దగ్గరే. అదంతా ఇసుక, మట్టి. కాండాన్ని కడిగి ముక్కలు కోసి, నేల మీద కాకుండా ఎత్తు మంచాలపై వలల మీద ఆరబోయండి. రోడ్డు పక్కన, ఫ్యాక్టరీల దగ్గర పెరిగిన తీగ జోలికి పోవద్దు. దానిలో హానికర లోహాలు చేరొచ్చు; సీసం 10, ఆర్సెనిక్ 3, పాదరసం 1, కాడ్మియం 0.3 పీపీఎం (పది లక్షల భాగాల్లో ఇన్ని భాగాలు) దాటితే సరుకు పనికిరాదు.

ఇంకొకరు: అన్నిటికన్నా ముందు తీగ అసలుదేనా అని చూసుకోండి. దాన్ని పోలిన టైనోస్పోరా క్రిస్పా అని ఒకటుంది. దాని కాండం బూడిదరంగులో, ఒంటినిండా బుడిపెలతో ఉంటుంది, గాటు పెడితే పాలు కారతాయి. మన తిప్పతీగ ఆకుపచ్చగా ఉంటుంది, ఆ బుడిపెలుండవు, పాలు రావు. ఈ పోలికతో చిక్కుందని కేంద్ర ఆయుష్ శాఖే హెచ్చరించింది. ఎండిపోయాక మామూలు కంటికి తేడా పట్టడం కష్టం కాబట్టి కోసేటప్పుడే ఏరేయాలి.

అడిగినవారు: చాలా థ్యాంక్స్ అన్నా. ఒకసారి తీసుకున్న రిపోర్టు ఏడాదంతా చూపించొచ్చా?

జవాబు: కుదరదక్కా, ప్రతి లాటుకూ వేరే రిపోర్టు. కొనేవాళ్లు కూడా తమ వైపు మళ్లీ పరీక్షించుకోవాలి కాబట్టి ఖర్చు పంచుకుంటారేమో అడిగి చూడండి, మొహమాటం వద్దు. శాంపిల్ తీసేటప్పుడు బస్తా పైనుంచి గుప్పెడు తీసి ఇవ్వకండి. దుమ్మంతా అడుగుకు దిగి ఉంటుంది. పైన, మధ్యన, అడుగున తలా కాస్త తీసి కలిపి, సగం ల్యాబుకు పంపండి. మిగతా సగం సీలు వేసి, లాటు నంబరు రాసి మీ దగ్గరే దాచండి. రేపు వాళ్ల రిపోర్టూ మీ రిపోర్టూ కలవకపోతే చూపించడానికి ఉంటుంది.