ఆర్మీనియన్ వీధిలో చూడవలసినవేమిటి?

పెరంబూరు వాసి అడిగిన ప్రశ్న:
నమస్కారం. గుంటూరులో చరిత్ర బోధించి పదవీ విరమణ చేసిన మా మామగారు వచ్చే వారం చెన్నై వస్తున్నారు. జార్జిటౌన్‌లోని ఆర్మీనియన్ వీధిని ఆయనకు చూపించాలని ఉంది. అయితే అక్కడి చర్చిలో నిత్యారాధనలు జరగడం లేదని విన్నాను. ఆ చర్చిని చూస్తే, ఒకప్పుడు ఇక్కడ బతికిన ఆర్మీనియన్ల గురించి ఏమైనా తెలుస్తుందా? తెలిసినవారు దయచేసి వివరించగలరు.

జార్జిటౌన్ చదువరి:
తప్పకుండా తెలుస్తుందండీ, కాకపోతే కట్టడం కన్నా సమాధుల దగ్గరే ఎక్కువ సేపు గడపండి. 1712లో కట్టి, 1772లో పునర్నిర్మించిన ఆ చర్చి ఆవరణలో దాదాపు 350 మంది ఆర్మీనియన్ల సమాధులు ఉన్నాయి. మోగించే గంటలు ఆరు వేలాడే గోపురం చర్చికి విడిగా నిలిచి ఉంటుంది.

మీ మామగారికి ముందుగా హరుత్యున్ ష్మవోన్యన్ సమాధిని చూపించండి. షిరాజ్ నుంచి వచ్చిన ఈ మతగురువు, ఇద్దరు కొడుకులను పోగొట్టుకున్న తరువాత, 1794లో మద్రాసులో ‘అజ్దరార్’ పత్రికను ప్రారంభించారు. ఆర్మీనియన్ భాషలో ప్రపంచంలోనే మొట్టమొదటి పత్రిక అది. 1796 వరకు 18 సంచికలు వెలువడ్డాయి. సొంత దేశం ఒట్టోమన్, పర్షియన్ పాలకుల చేతుల్లో ఉన్నందువల్ల, ఇక్కడి వర్తకుల ధనమూ అచ్చు యంత్రాలూ ఆ జాతి ఆలోచనలకు ఆశ్రయమిచ్చాయి. అంతకుముందే 1770ల ఆరంభంలో షహామిర్ షహామిర్యన్ అనే వర్తకుడు మద్రాసులో ముద్రణాలయం నెలకొల్పగా, స్వతంత్ర ఆర్మీనియాకు రాజ్యాంగం ఎలా ఉండాలో వివరించే గ్రంథం కూడా అక్కడే అచ్చయింది. ఒక జాతి రాజకీయ స్వప్నం మన బ్రాడ్‌వే పక్క వీధుల్లో అక్షరరూపం దాల్చిందన్న సంగతి నన్ను ఇప్పటికీ కదిలిస్తుంది.

సైదాపేట నివాసి:
పై సమాధానానికి ఒక చేర్పు. ఆ వీధితోనే ఆగిపోతే కోజా పెట్రస్ ఉస్కాన్ అనే ఆర్మీనియన్ వర్తకుడి జాడ కనిపించదు. అడయారు నదిపై సైదాపేట దగ్గర 1726లో వంతెన కట్టించినదీ, సెయింట్ థామస్ మౌంట్ ఎక్కడానికి మెట్లు వేయించినదీ ఆ వర్తకుడే. పాత వంతెన స్థానంలో ఇప్పుడు మరైమలై అడిగళ్ వంతెన ఉన్నా, ఉస్కాన్ దానాన్ని తెలిపే శిలాఫలకం దాని పక్కనే మిగిలింది. వాహనంలో వెళ్తే అది కంటపడదు కనుక దిగి నడవవలసిందే. 1751లో మరణించిన ఆయన సమాధి వేపేరిలోని సెయింట్ మథయాస్ చర్చి ఆవరణలో ఉంది. మీకు పెరంబూరు నుంచి అదే దగ్గర.

ప్యారీస్ కార్నర్ ఉద్యోగి:
మంగళవారం మాత్రం వద్దండీ. అదే వీధిలోని సెయింట్ మేరీస్ కో-కెథెడ్రల్‌లో ఆ రోజు అంతోణియార్ (సెయింట్ ఆంథోనీ) భక్తుల రద్దీ ఎక్కువ. పెద్దవారితో నడవడం కష్టం. హైకోర్టు మెట్రోలో దిగి, ఆర్మీనియన్ వీధిలోకి రండి. పశ్చిమాన ఆ పక్క రోడ్డే పాత బ్రాడ్‌వే. ఇప్పుడది మన టంగుటూరి ప్రకాశం పంతులు గారి పేరు మీద ఉంది. చర్చి తెరిచి ఉండే సమయం పరిమితం కనుక ఉదయమే బయలుదేరండి.