గణిత తర్కం: ముందు సమితులా, తర్కమా?

నిద్రపట్టనివాడు:
డిగ్రీలో గణితం చదివి పదేళ్లయింది. తర్కవేత్త గోడెల్ 1931లో ప్రకటించిన అసంపూర్ణతా సిద్ధాంతపు (కూడిక, గుణకారం ఉన్న అంకగణితంలో నిరూపణకు అందని నిజాలు మిగులుతాయన్నది) నిరూపణను కలం పట్టుకుని పంక్తి పంక్తీ చదవాలని కోరిక. రాత్రి ఒక గంట మించి దొరకదు. హాల్మోస్ ‘నాయివ్ సెట్ థియరీ’తో మొదలుపెట్టాలా, నేరుగా ఎండర్టన్ ‘ఎ మ్యాథమెటికల్ ఇంట్రడక్షన్ టు లాజిక్’ తెరవాలా?

సమితి పక్షం:
ముందు హాల్మోసే. నూరు పేజీలు దాటి నాలుగు, అంతే. తర్కంలో నమూనా అంటే ఒక సమితి, దానిపై సంబంధాలు, ప్రమేయాలు. ఈ మాటలు చేతికి అలవాటు కాకుండా వెళితే, గోడెల్ కన్నా ముందే వచ్చే సంపూర్ణతా సిద్ధాంతపు (అన్ని నమూనాల్లోనూ నిజమైనదానికి నిరూపణ ఉంటుందన్నది) నిరూపణ దగ్గరే మునుగుతారు. నేను మునిగాను.

తర్క పక్షం:
ఎండర్టన్ పుస్తకం సున్నా అధ్యాయంతో మొదలవుతుంది చూశారా? సమితుల గురించి కావలసినంత అందులోనే ఉంది. ఆర్డినళ్లు, జోర్న్ లెమ్మా వంటి హాల్మోస్ చివరి పాఠాలన్నీ దాటాకే గోడెల్ అంటే ఈయన ఇల్లు చేరేది ఎప్పుడు? మూడో అధ్యాయం మాత్రం వదలకండి. తర్వాతి సంఖ్య అనే భావన ఒక్కటే ఉన్న అంకగణితం, ఆపైన క్రమం, ఆపైన కూడిక. అంతవరకు ప్రతి వాక్యమూ నిజమో కాదో తేల్చే పద్ధతి ఉంది. కూడికకు దాన్ని 1929లో ప్రెస్‌బర్గర్ చూపించాడు. గుణకారం చేరగానే అలాంటి పద్ధతే ఉండదు. ఎక్కడ తెగిందో కళ్లారా కనిపిస్తుంది.

ఐదు పంక్తులు:
నా ఓటు మెండెల్సన్ ‘ఇంట్రడక్షన్ టు మ్యాథమెటికల్ లాజిక్’కు (1964). అందులో ‘పి అయితే పి’ అని నిరూపించడానికే ఐదు పంక్తులు పడుతుంది. నవ్వు వస్తుంది నిజమే. కానీ ఆ ఐదూ స్వయంగా రాసినవారికే నిరూపణ అంటే అర్థంతో పనిలేని గుర్తుల వరుస అని ఒంటబడుతుంది. గోడెల్ ఒక్కోదానికి ఒక్కో సంఖ్య వేసింది ఆ వరుసలకే కదా! ఎండర్టన్ టాటాలజీలన్నిటినీ (‘పి అయితే పి’లా రూపాన్ని బట్టే ఎప్పుడూ నిజమయ్యేవాటిని) ఒక్కసారే స్వీకృతాలుగా, అంటే నిరూపణ అడగకుండా ఒప్పుకునేవాటిగా, తీసేసుకుంటాడు. వంట నేర్చుకుంటానని వచ్చి రుబ్బిన పిండి కొనుక్కున్నట్టు.

తర్క పక్షం:
పిండి రుబ్బుతూనే తెల్లవారితే దోసె ఎప్పుడు పోస్తారండీ?

పాత పదో తరగతి:
మా తెలుగు మాధ్యమం పుస్తకంలో మొదటి పాఠం పేరే ‘ప్రవచనాలు – సమితులు’ (ప్రవచనం అంటే నిజమో కాదో చెప్పగల వాక్యం, తర్కపు ముడిసరుకు). ఒకే పాఠంలో రెండూ కాపురం చేశాయి, ఇక్కడ తగాదా పడుతున్నాయి! నా సందేహం వేరు. సమితుల స్వీకృతాలను తర్కభాషలో రాస్తారు, తర్కానికి నమూనాలను సమితులతో కడతారు. చెట్టు ముందా విత్తు ముందా?

సమితి పక్షం:
చిన్నయసూరి తెలుగు వ్యాకరణాన్ని తెలుగులోనే రాశాడు. మాట్లాడే భాష ఒకటి, పరీక్షకు బల్ల మీద పెట్టిన భాష మరొకటి. పైగా నిరూపణలు పరిమితమైన గుర్తుల వరుసలు. వాటి గురించి మాట్లాడటానికి అనంత సమితులు అక్కరలేదు. (ఈ మాటతో నా వాదం నేనే బలహీనపరుచుకున్నానని తెలుసు.)

నిద్రపట్టనివాడు:
ఎండర్టన్ తెచ్చుకున్నాను. అయినా ఆ ఐదు పంక్తులు మూడు రాత్రులుగా వదలడం లేదు. ‘ఐదు పంక్తులు’ గారూ, జవాబు వద్దు, ఒక్క సూచన చాలు.

ఐదు పంక్తులు:
‘పి అయితే, క్యూ అయితే ఆర్’ అని మొదలయ్యే రెండో స్వీకృతం తీసుకోండి. క్యూ ఉన్నచోట ‘పి అయితే పి’ పెట్టండి, ఆర్ ఉన్నచోట పి.